అద్దం తిప్పని మధ్యాహ్నం

మొన్న జనగామలో మా చెల్లెలి మనవరాలు నన్నొక హాలుకు తీసుకుపోయింది. వాళ్ళ కాలేజీ పిల్లలు కొందరు పాత మూగ సినిమాలు, పదేసి నిమిషాల చిన్న చిన్నవి, గోడమీద వేసి చూపిస్తున్నారు. తెరమీద టోపీలవాళ్ళు ఉరుకుతున్నారు, పడుతున్నారు, లేస్తున్నారు, చివర్లో ఒకరినొకరు పట్టుకుని ముద్దు పెట్టుకుంటున్నారు. పిల్లలు నవ్వుతున్నారు. అంతా అయ్యాక ఒక కుర్రవాడు మైకు అందుకున్నాడు. మైకు చేతిలో ఉంది కనుక పుస్తకాల తెలుగులోకి మారిపోయి, ముందువరసలో ఉన్న నన్ను చాలా మర్యాదగా అడిగాడు: "అమ్మమ్మా, మీ కాలంలో పల్లెల్లో ఇలాంటి ప్రేమకథలు తెరమీద చూసే వీలుండేది కాదు కదా. ఒకవేళ చూసినా, మాటలే లేని సినిమా మీవాళ్ళకు ఎలా అర్థమయ్యేది?"

మర్యాదగా అడిగినంత మాత్రాన మాట మంచిదైపోదు. నాకు ఒళ్ళు మండింది. "అర్థమైంది బిడ్డ, నీకన్న ఎక్కువనే అర్థమైంది" అన్నాను. హాలంతా నవ్వింది. నేను పరాచికమాడానని అనుకున్నారు కాబోలు. ఇంటికి వచ్చి రెండు రోజులైనా ఆ మంట తగ్గలేదు కాబట్టి ఇది రాస్తున్నాను. మాటల్లేని సినిమా అట. మా ఊళ్ళో అట్లాంటి సినిమాకు మా అత్త మాట పెట్టింది. ఆమె పెట్టిన ఒక్క మాట మీద పంచాయతీ కూర్చుంది.

మాది టేకుమట్ల దాటి ఇంకా లోపలికి, అడవి మొదలయ్యే చోట ఒక చిన్న ఊరు. ఇప్పుడు అటువైపంతా భూపాలపల్లి జిల్లా అంటున్నారు. మాకప్పుడు జిల్లాల పట్టింపు లేదు. ఎండాకాలమంటే తునికాకు, అంతే. బీడీలు చుట్టే ఆకు అది. చీకటి విచ్చకముందే ఇంటిల్లిపాదీ అడవికి పోయి ఆకు తెంపి, మూటలు నెత్తిన పెట్టుకుని పొద్దెక్కేసరికి ఇంటికి వచ్చేవాళ్ళం. వాకిట్లో పందిరి కింద కూర్చుని యాభై ఆకులకు ఒక కట్ట చొప్పున నారతో కట్టడం. వేళ్ళకు అంటిన పసరు ఎంత రుద్దినా పోయేది కాదు. జొన్నరవ్వ ఉడికించిన గట్కలో మామిడికాయ తొక్కు కలుపుకుని తింటుంటే గట్క కూడా ఆకు వాసనే వచ్చేది. నాకిప్పటికీ ఎక్కడన్నా బీడీ కంపు తగిలితే అందరూ ముక్కు మూసుకుంటారు గాని నాకు ఆకలవుతుంది.

మేం పిల్లలం తెంపిన ఆకు తక్కువ, తిన్న తునికిపండ్లు ఎక్కువ. నాలుక మొద్దుబారిపోయేదాకా తిని, ఇంటికొచ్చి గట్క వద్దంటే, "అడివంత మెక్కి వచ్చినవు, ఇగ నీ కడుపుల జాగ యాడుంటది" అని నానమ్మ నా వంతు కూడా తనే తినేసేది. నానమ్మ పంటలూ ఎండలూ రోగాలూ అన్నిటి గురించీ మాట్లాడుతూనే కట్టలు కట్టేది. ఆమె కట్టలో యాభై రెండు ఉండేవి, నలభై ఏడు ఉండేవి. యాభై మాత్రం ఎప్పుడూ ఉండేవి కావు.

కట్టలన్నీ కల్లానికి తీసుకుపోవాలి. ఊరి బయట బీడులో కట్టలను వరసలుగా ఎండబెట్టే చోటు అది. దాన్ని చూసుకునే ఆయన్ని కల్లేదారు అంటారు. కల్లం పక్కన మట్టిగోడల గోదాం ఒకటి ఉండేది. పెంకుల కప్పు, ఒకటే తలుపు. ఎండిన ఆకును సంచుల్లో కుక్కి అందులో పెట్టేవాళ్ళు. మధ్యాహ్నం కట్టలు అప్పజెప్పడం అయ్యాక, ఎండకు తాళలేక ఆడా మగా అందరం ఆ గోదాంలో సంచుల మీద చేరేవాళ్ళం. ఆ సంగతి తెలిసిన మనిషి కాబట్టే రీళ్ళాయన సరిగ్గా ఆ రోజుల్లో వచ్చాడు.

రీళ్ళాయనది జనగామ. వయసు అరవై దాటి ఉంటుంది. ఒక రేకుపెట్టెలో మూడు రీళ్ళు, గోనెలో చుట్టిన ఒక మిషను, బండ అద్దం ఒకటి. కల్లం నుంచి కల్లానికి తిరిగేవాడు. ఊళ్ళో కరెంటు లేకపోయినా ఆయనకు దిగులు లేదు, ఎండ చాలు. గోదాం గోడకు గుప్పెడంత కన్నం కొట్టి, లోపలివైపు కన్నానికి ఆనించి మిషను పెట్టేవాడు. బయట ఒక మనిషి అద్దం పట్టుకుని నిలబడి ఎండను ఆ కన్నంలోకి కొట్టాలి. తలుపు మూసి గొంగళ్ళు కప్పితే లోపల చీకటి. రీళ్ళాయన చేత్తో పిడి తిప్పుతుంటే ఎదుటి గోడకు కట్టిన ధోవతి మీద బొమ్మలు కదిలేవి. పొద్దు జరిగినకొద్దీ అద్దం కూడా జరగాలి. పట్టుకున్నవాడి చెయ్యి వణికితే లోపల టోపీలవాళ్ళందరూ వణికేవాళ్ళు.

ఆ సినిమాల్లో మాట ఉండదు. మధ్యమధ్య ఇంగ్లీషు అక్షరాలు వచ్చిపోయేవి, అవి చదవగలిగిన మనిషి చుట్టుపక్కల లేడు. కాబట్టి కథ చెప్పేది మనుషులే. మగవాళ్ళ మాటలు రీళ్ళాయన చెప్పేవాడు. ఆడవాళ్ళ మాటలు ఇరవై ఏళ్ళు ఆయన భార్య చెప్పిందట. ఆమె ఆ చలికాలమే పోయింది. మొదటిరోజు ఆడగొంతు కూడా ఆయనే పెట్టబోతే జనం పొర్లిపొర్లి నవ్వారు. పాపం, ఆయన పిడి తిప్పడం ఆపేసి రుమాలుతో మొహం తుడుచుకున్నాడు.

మర్నాడు కల్లంలో మా అత్త కల్లేదారుతో తగువు పెట్టుకుంది. అత్త మా నాయిన చెల్లెలు. పంతొమ్మిదేళ్ళుంటాయి. కట్టలు కట్టడంలో చెయ్యి ఎంత వేగమో నోరూ అంతే. ఆకు బాగాలేదని కల్లేదారు ఆమె కట్టలు పక్కకు నెట్టాడు. "పాడైంది ఆకా, నీ కన్నా? జర ఎండలకు వచ్చి సూడు" అంది. ఆ గొంతు కల్లం అవతలి కొసదాకా వినిపించింది. రీళ్ళాయన సరాసరి మా తాత దగ్గరికి వచ్చాడు.

"పటేలా, నీ బిడ్డ గొంతు నాకు పది రోజులు ఇయ్యరాదె. మీ ఇంటోళ్ళందరికి పైసలు లేకుండ ఊకెనే సూపెడ్త."

తాతకు సినిమా పిచ్చి లేదు గాని, బిడ్డ గొంతును ఎవరో మెచ్చుకున్నారన్న సంతోషం ఉంది. సరేనన్నాడు.

ఆ మూడు రీళ్ళలో రెండు ఒట్టి ఉరుకులాటలు. మూడోది ప్రేమకథ. మేమందరం దానికోసమే పోయేవాళ్ళం. ఒక పిల్ల, నెత్తిన ఈకల టోపీ. పక్కింట్లో రొట్టెలు చేసే కుర్రవాడు, మొహం నిండా పిండి. ఇద్దరికీ మధ్య కంచె. ఆ పిల్లను అడగడానికి ఒక లావుపాటి ముసలాయన మోటారు కారులో వస్తాడు. తండ్రి వంగి వంగి దండాలు పెట్టి ఒప్పుకుంటాడు. ఆ తర్వాత పిల్లను అడుగుతారు. ఆమె తల అటూ ఇటూ ఊపుతుంది, చాలాసేపు ఊపుతుంది. ఇంకేం, గందరగోళం. ముసలాయన నీళ్ళతొట్టిలో పడతాడు, రొట్టెలాయన కంచె దూకుతాడు, చివరికి ముద్దు.

ముద్దు మేం చూశామని అబద్ధం చెప్పను. ఆ సమయం రాగానే రీళ్ళాయన రెండుసార్లు దగ్గేవాడు. ఆ దగ్గు వినగానే బయట అద్దం పట్టిన మనిషి అద్దాన్ని పక్కకు తిప్పాలి. గోదాం చీకటైపోయేది. రీలు మాత్రం టకటకా తిరుగుతూనే ఉండేది. చీకట్లో ఆడవాళ్ళు కొంగులు అడ్డం పెట్టుకుని కిసుక్కుమనేవాళ్ళు, మగవాళ్ళు గొంతులు సవరించుకునేవాళ్ళు. మళ్ళీ దగ్గు, మళ్ళీ వెలుగు, అప్పటికి వాళ్ళిద్దరూ విడివడి నిలబడి ఉండేవాళ్ళు. ఆయన తిరిగే ఊళ్ళన్నిటిలో ఇదే కట్టుబాటు. తండ్రులూ బిడ్డలూ ఒకచోట కూర్చుని చూడాలంటే వేరే దారి లేదు. ఒకసారి నేనూ మా బాబాయి బిడ్డా ఇంట్లోంచి కంచు కంచం ఎత్తుకుపోయి, ఆ చీకటి సమయానికి బయటినుంచి దాంతో ఎండ కొట్టాం. కన్నంలోకి పోనేలేదు. పెంకుల సందులోంచి దూరి రీళ్ళాయన బట్టతల మీద పడింది. లోపల ఎవరికీ ముద్దు కనబడలేదు, మాకు మాత్రం నానమ్మ చేతి దెబ్బలు నాలుగు రోజులు కనబడ్డాయి.

రీళ్ళాయన అత్తకు పాఠం చెప్పేటప్పుడు నేను పక్కనే ఉన్నాను. "గీడ పిల్ల తల వంచుకొని, మీ ఇష్టం నాయినా, అంటది" అన్నాడు.

"తల వంచుతలేదు గదనే పెద్దయ్యా. అడ్డం ఊపుతున్నది. వద్దంటున్నది."

"వాళ్ళ దేశంల గట్లనే ఊపుతరు కావచ్చు."

"తండ్రి నిలువు ఊపిండు, ఒప్పుకున్నడన్నవ్. బిడ్డది వేరే దేశమా?"

"నా ఇంటామె ఇరవై ఏండ్లు గిదే చెప్పింది బిడ్డ. ఆమెకు కండ్లు లేక కాదు. ముంగట కూసునేది తండ్రులు. ఎడ్డోణ్ణి కాదు నేను, ఎరుకయ్యే గట్ల చెప్తున్న" అన్నాడు. అత్త సరేనంది. ఐదు రోజులు ఆ పిల్ల తల అడ్డంగా ఊపుతూనే ఉంది, అత్త "మీ ఇష్టం నాయినా" అంటూనే ఉంది. ఎవరికీ తప్పుగా తోచలేదు. తెరమీద ఏం జరుగుతోందో కళ్ళు చూశాయి గాని, జనం నమ్మింది చెవులనే.

ఇంకో సంగతి. హీరోయిన్ కదా, జర సినిమా తీరుగ, పుస్తకాల మాట మాట్లాడమని కూడా ఆయన చెప్పాడు. అత్త ఒక్కరోజు ప్రయత్నించింది. "నేను వచ్చెదను" అనగానే వెనకనుంచి ఎవరో ముసలమ్మ, "గీ పిల్లకు జరమొచ్చిందా" అని అడిగింది. దాంతో అత్త, "ఆగు, వస్తున్న" అంది. అప్పటినుంచి ఆ ఈకల టోపీ పిల్ల మా ఊరి పిల్లే. మా మాటను సినిమాల్లో ఎన్నేళ్ళు వంటమనుషులకూ దొంగలకూ అంటగట్టారో నాకు తెలుసు. మా గోదాంలో మాత్రం అది ప్రేమించే పిల్ల మాట.

అద్దం పట్టిన మనిషి గురించి చెప్పాలి. మానుకోట వైపు తండానుంచి ఆకు సంచులు తోలడానికి బండి కట్టుకుని వచ్చాడు. మహబూబాబాద్‌ను మేమట్లాగే అంటాం. మధ్యాహ్నం బండికి పని ఉండదు కనుక రీళ్ళాయన అతన్ని అద్దానికి పెట్టాడు. ఎడ్లతో వాళ్ళ ఇంటిభాషలో మాట్లాడేవాడు, మాతో మా మాట. ఎర్రటి ఎండలో, నెత్తిన తువ్వాలతో, చేతులు కాలకుండా రెండు తునికాకులు అద్దం అంచులకు పెట్టుకుని నిలబడేవాడు. అందరం లోపల చల్లగా సినిమా చూస్తుంటే ఆయన ఒక్కడూ చూడలేదు. కన్నంలోంచి అత్త గొంతు వినేవాడు. ఆయనకు ఆ సినిమా అంటే అత్త గొంతే.

ఆట అయ్యాక అత్త నాచేత చెంబుడు చల్ల పంపేది. ఆయన తాగి, మూతి తుడుచుకుని అడిగేవాడు, "రొట్టెలాయన ఎట్లుంటడు?"

"మీసం లేదు. మొఖానికి పిండి."

"ఆ పిల్లకు ఆయనంటే మంచిగనిపిస్తదా?"

"ఏమో, కంచె కాడికి మాటిమాటికి వస్తది."

ఒకరోజు ఆయన చెంబు తిరిగిస్తూ, "రేపు జర గీ గోడ దిక్కు మల్లి మాట్లాడుమను మీ అత్తను. సగం మాటలు ఇనొస్తలేవు" అన్నాడు. నేను చెప్పాను. మర్నాడు అత్త తెరపక్కన నిలబడలేదు, మిషను దగ్గరికి, కన్నం దగ్గరికి వచ్చి నిలబడింది. అక్కడినుంచి చూస్తే బొమ్మలు సరిగ్గా కనబడవు. అయినా అక్కడే నిలబడింది. రొట్టెలాయనతో ఆ పిల్ల చెప్పే మాటలు రోజురోజుకూ పెరిగాయి. ఎండల ఎంతసేపు నిలబడ్తవు, నెత్తి మీద తడిబట్ట వేసుకోరాదు, ఎడ్లకు నీళ్ళు తాపినవా. రొట్టెలాయనకు ఎడ్లు ఎక్కడివని ఎవరూ అడగలేదు. ఇదే ప్రేమ అని నాకు అప్పుడు తెలియదు. తెలిసిన తర్వాత దానికన్నా మంచిది నేనెక్కడా చూడలేదు.

అప్పుడే పెద్దవంగర సంబంధం వచ్చింది. ఆయనకు నలభై దాటాయి, భార్య చనిపోయింది, ఇద్దరు పిల్లలు. ఎనిమిదెకరాల భూమి, నీళ్ళున్న బావి. మా తాతను దుర్మార్గుణ్ణి చెయ్యలేను. అంతకుముందు రెండేళ్ళు వానలు లేక మేం అడవిగడ్డలు ఉడకబెట్టుకు తిన్నాం. తాతకు ఆ బావి తప్ప ఇంకేమీ కనబడలేదు. "ఆడ రెండు పూటలు అన్నం పుడ్తది బిడ్డ" అన్నాడు. అత్త ఏదో అనబోయింది. తాత ఆమెను అడగలేదు, చెప్పాడు. అడగడానికీ చెప్పడానికీ తేడా ఉందని మా ఇంట్లో అప్పటికి ఎవరికీ తట్టలేదు.

పెద్దవంగరనుంచి ఆయన అక్కా, బావా పిల్లను చూడడానికి వచ్చారు. నానమ్మ సర్వపిండి చేసింది, కోడిని కోసింది. సంబంధం ఖాయం చేసే పూలుపండ్లు ఎప్పుడు పెట్టుకుందామా అన్నదాకా మాట వచ్చింది. చుట్టాలకు మర్యాద కదా అని మధ్యాహ్నం తాత వాళ్ళను గోదాంకు సినిమాకు తీసుకుపోయాడు. బిడ్డ గొంతు వాళ్ళకు వినిపించాలని ఆయన గొప్ప.

మూడో రీలు. కారు వచ్చింది. లావుపాటాయన దిగాడు. తండ్రి తల నిలువుగా ఊపాడు. పిల్ల తల అడ్డంగా ఊపడం మొదలుపెట్టింది. రీళ్ళాయన పిడి తిప్పుతూ, "చెప్పు బిడ్డ" అని గొణిగాడు. అప్పుడు అత్త చెప్పింది.

"నేను చేసుకోను. ఎనిమిదెకరాలుంటె ఆయన్నే దున్నుకొమ్మను. బావి ఉంటె ఆయన్నే తోడుకొమ్మను. నాకు ఆయన వద్దు."

పెద్దవంగర ఆమె లేచి, కొంగు దులుపుకుని, చీకట్లోనే తలుపు వెతుక్కుంటూ బయటికి పోయింది. ఆమె వెనక భర్త. తాత వాళ్ళ వెనక పరుగెత్తాడు. మేం పిల్లలం మిగతా సినిమా చూశాం, అబద్ధమెందుకు.

సాయంత్రం మా వాకిట్లో నలుగురు పెద్దమనుషులు కూర్చున్నారు. పెద్దవంగరవాళ్ళు రాత్రికి ఊళ్ళో వేరే చుట్టాలింట్లో ఉండి, పంచాయతీ తేలాక పోతామన్నారు. అన్ని రోజులూ "మీ ఇష్టం నాయినా" అన్న పిల్ల ఆ రోజు వద్దంది కాబట్టి ప్రశ్న ఒకటే. ఆ మాట బొమ్మలో పిల్లదా, మా అత్తదా? బొమ్మదైతే అత్త తప్పు లేదు, చుట్టాలకు నచ్చజెప్పి సంబంధం ఖాయం చేసుకోవచ్చు. అత్తదైతే పరువు పోయినట్టే. ఇంత పెద్ద ప్రశ్నకు రీళ్ళాయన్ని సాక్ష్యం అడిగారు.

"నాకు ఇంగ్లీషు రాదు పటేలా. మూగ బొమ్మ ఏమన్నదని చెప్పాలె" అని ఆయన తప్పుకున్నాడు.

తర్వాత నన్ను పిలిచారు. రోజూ చూసేదాన్ని, అత్త పక్కనే ఉండేదాన్ని. "బొమ్మల పిల్ల గట్లనే అన్నదానె?" అని తాత అడిగాడు.

"గట్లనే అన్నది తాతా" అన్నాను.

"ఎనిమిదెకరాలని అన్నదా? గా బొమ్మల ఎకరాలు ఏడికెల్లి వచ్చినయి?"

"ముసలాయన ఎనక చేను కనవడ్తది. గది ఎనిమిదెకరాలు ఉంటది."

నానమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. అత్తను కాపాడానని నేను పొంగిపోయాను. అత్త వైపు చూస్తే ఆమె మొహం పాలిపోయి ఉంది. ఎందుకో నాకు అర్థం కాలేదు. నా అబద్ధం నెగ్గితే అత్త తప్పు పోతుంది, పెద్దవంగర పెళ్ళి నిలబడుతుంది. ఆ లెక్క నా వయసుకు అందలేదు. పెద్దమనుషులు చివరికి ఒక తీర్మానం చేశారు. రేపు మధ్యాహ్నం ఆ రీలు మళ్ళీ వెయ్యాలి. ఎవరూ నోరు తెరవకూడదు. పిల్ల ఏమంటుందో పెద్దలే కళ్ళతో చూస్తారు.

మర్నాడు గోదాం కిటకిటలాడింది. తాతా, నలుగురు పెద్దలూ, పెద్దవంగర దంపతులూ ముందు సంచుల మీద కూర్చున్నారు. అత్త ఆడవాళ్ళ మధ్య, నేను ఆమె ఒళ్ళో. పిడి టకటక తప్ప ఇంకో చప్పుడు లేదు. ఆ కథను మేం మాట లేకుండా చూడడం అదే మొదటిసారి. ఎంత కొత్తగా ఉందో చెప్పలేను. పిల్ల కంచె దగ్గరికి వచ్చినప్పుడు ఆమె కళ్ళు ఎక్కడ చూస్తాయో, తండ్రి ఒప్పుకున్నప్పుడు ఆమె చేతులు ఎట్లా ముడుచుకుంటాయో అప్పుడు చూశాం.

తల అడ్డంగా ఊపింది.

"ఊపుతున్నది" అన్నాడు ఒక పెద్దమనిషి.

"అడ్డమే ఊపుతున్నది. వద్దన్నట్టే" అన్నాడు ఇంకొకాయన. "పిల్ల తప్పేం లేదు. బొమ్మ అన్నది చెప్పింది, గంతే. ఇగ చుట్టాలు మనసుల పెట్టుకోవద్దు. పూలుపండ్లకు రోజు సూసుకుందాం."

పెద్దవంగర ఆమె సరేనన్నట్టు కొంగు సర్దుకుంది. తాత గట్టిగా ఊపిరి వదిలాడు. అత్త చెయ్యి నా భుజం మీద బిగుసుకుంది, గోళ్ళు దిగాయి. తెరమీద రొట్టెలాయన కంచె దూకాడు. పిల్ల ఎదురుపోయింది. రీళ్ళాయన రెండుసార్లు దగ్గాడు.

వెలుగు పోలేదు.

మళ్ళీ దగ్గాడు, ఈసారి ఊరంతా వినేలా. పెద్దలన్న మాటలు ఆ కన్నంలోంచి బయటికి కూడా వినబడ్డాయి కదా. అద్దం తిరగలేదు. మా తాతల ముందు, తండ్రుల ముందు, పెద్దవంగర చుట్టాల ముందు, పట్టపగలు ఎండంత వెలుగులో ఆ ఇద్దరూ ఒకరినొకరు పట్టుకుని ముద్దు పెట్టుకున్నారు. ఇంతా చేస్తే చాలా చిన్న ముద్దు. వాళ్ళలో సిగ్గుమాలినతనం ఏమీ లేదు. అడవిలో తప్పిపోయి ఇంటికొచ్చిన మనుషులు ఊపిరి పీల్చుకున్నట్టుగా ఉన్నారు. ఒక్కరూ నవ్వలేదు.

అత్త నన్ను ఒళ్ళోంచి దించి లేచి నిలబడింది.

"బొమ్మ అన్నది కాదు బాపు. నేనే అన్న" అంది. గొంతు పెద్దది చెయ్యలేదు. "పిల్ల నాకోసం అబద్ధమాడింది, దాన్ని ఏమనకుండ్రి. పెద్దవంగర ఆయనను నేను చేసుకోను. నేను చేసుకునే ఆయన బయట అద్దం పట్టుకొని నిలవడ్డడు."

రీలు అయిపోయి, ధోవతి మీద ఒట్టి తెల్లటి వెలుగు నిలిచింది. రీళ్ళాయన పిడి వదిలేశాడు. నేను తలుపు తీసుకుని బయటికి ఉరికాను. బండాయన అట్లాగే నిలబడి ఉన్నాడు. అద్దం ఇంకా దించలేదు. "ఏమన్నది?" అని నన్నడిగాడు. ఆయన వినలేదని కాదు, ఇంకోసారి వినాలని. నేను చెప్పాను.

తాత ఆయన పక్కనుంచే నడిచిపోయాడు, మొహం చూడలేదు. ఇంటికొచ్చి, "దానికి ఈ ఇంట్ల ఇగ అన్నం లేదు" అన్నాడు. నానమ్మ పొయ్యి దగ్గరినుంచి లేవకుండానే, "నా అన్నం దానికి పెడ్త. నువ్వు లెక్క సూసుకో" అంది. నలభై ఏళ్ళ కాపురంలో ఆమె ఆయనకు ఎదురు చెప్పడం నేను విన్నది అదొక్కటే.

వాన పడకముందే వాళ్ళిద్దరూ కాళేశ్వరం పోయి, గోదావరిలో మునిగి, దండలు మార్చుకున్నారు. మావైపునుంచి పోయింది నానమ్మా నేనూ. తోడు రీళ్ళాయన. నానమ్మ తన కాళ్ళ కడియాలు తీసి అత్తకు పెట్టింది. తండాలో కూడా ఎవరూ హారతి పట్టి ఎదురురాలేదు. బండాయన తల్లి ఏడాదిపాటు అత్తను పొయ్యి దగ్గరికి రానివ్వలేదు. ఆ ఏడాదిలోనే అత్త వాళ్ళ భాష నేర్చుకుంది. ఆ తర్వాత రెండు భాషల్లోనూ ఎవరినీ వదిలిపెట్టలేదు. వాళ్ళు సుఖపడ్డారా అని అడిగేవాళ్ళున్నారు, ఇష్టపడి చేసుకున్నవాళ్ళనే ఆ ప్రశ్న ఎందుకు అడుగుతారో నాకు అర్థం కాదు. చేను ఎండింది, పండింది. తిట్టుకున్నారు. ముగ్గురిని కన్నారు. ఆ అద్దం పట్టిన మా మామ పోయేదాకా ఆమె ఆయనకు చల్ల ఎండపూట స్వయంగా తీసుకుపోయి ఇచ్చింది.

తాత మాత్రం అత్తతో మాట్లాడలేదు. ఆమె వచ్చినప్పుడు దొడ్లోకి పోయేవాడు, ఆమె పంపిన మిరపకాయలు కూరలో ఉంటే తినేవాడు, తెలియనట్టు. ఆయన మారాడని, కన్నీళ్ళతో బిడ్డను దగ్గరికి తీసుకున్నాడని రాస్తే చదవడానికి బాగుంటుంది. అట్లా జరగలేదు.

నాకు పద్దెనిమిదేళ్ళు వచ్చాక జనగామనుంచి ఒక సంబంధం వచ్చింది. పిల్లవాడు చదువుకున్నవాడు, నెమ్మదైనవాడు. మా నాయిన అప్పటికే మాట ఇచ్చేటట్టు ఉన్నాడు. అప్పటికి తాత మంచం పట్టి ఉన్నాడు. గోడ వైపు తిరిగి పడుకున్నవాడు తిరిగినట్టే ఉండి, "ముందుగాల దాన్ని అడుగు" అన్నాడు. నాయిన వినబడనట్టు కూర్చున్నాడు. "దాన్ని అడుగుమన్న గద" అన్నాడు తాత మళ్ళీ.

నాయిన నన్ను పిలిచి, నా మొహం చూడకుండా, ఆ పిల్లవాణ్ణి చేసుకోవడం నాకు ఇష్టమేనా అని అడిగాడు. మా వంశంలో ఒక ఆడపిల్లను ఆ మాట అడగడం అదే మొదలు. పిల్లవాడు మంచివాడేనని నాకు తెలుసు. అయినా వద్దన్నాను. అడిగినవాళ్ళు వింటారో లేదో చూద్దామని.

విన్నారు.